ఆ మాట డాక్టరుతో చెప్పలేక

బస్టాండు మరుగుదొడ్డిలో తలుపుకు లోపలివైపు ఒక చిన్న కాగితం అంటించి ఉంటుంది. పసుపు కాగితం, ఎర్ర అక్షరాలు. మొలలు, ఫిషర్, భగందరం. ఆపరేషన్ లేకుండా శాశ్వతంగా నయం. కింద ఒక సెల్ నంబరు. అదే కాగితం కరెంటు స్తంభం మీద, రైల్వే గేటు పక్క గోడ మీద, ఆటో వెనక అద్దం మీద కనిపిస్తుంది. తెలుగు చదవడం వచ్చినవారిలో దాన్ని ఒక్కసారైనా చదవనివారు అరుదు. పంటి డాక్టరుకు తన ప్రకటనను తలుపు లోపలివైపు అంటించుకోవాల్సిన అవసరం ఎప్పుడూ రాలేదు. ఈ కాగితం అంటించినవాడికి తన దగ్గరికి రాబోయే మనిషి గురించి ఆసుపత్రుల కన్నా బాగా తెలుసు. గడియ పెట్టుకుని ఒంటరిగా ఉన్నప్పుడు తప్ప ఆ నంబరు ఎవరూ రాసుకోరని తెలుసు.

సంగతి చాలా మామూలుది. విరేచనానికి వెళ్ళినప్పుడు నాలుగు చుక్కల నెత్తురు పడుతుంది, లేదా కూర్చోలేనంత మంట పుడుతుంది. డాక్టర్లు రోజూ చూసే బాధల్లో ఇదొకటి. ఎక్కువమందిలో దీని వెనక పెద్ద జబ్బేమీ ఉండదు. అయినా ఆ నాలుగు చుక్కలు చూసిన క్షణం నుంచి మనిషికి రెండు బరువులు మొదలవుతాయి. క్యాన్సరేమోనన్న భయం ఒకటి. ఎవరికి చెప్పాలి, ఏమని చెప్పాలి, బట్టలు విప్పమంటే ఎలా అన్న సిగ్గు రెండోది. భయం ఆసుపత్రికి వెళ్ళమంటుంది, సిగ్గు వద్దంటుంది. ఈలోగా నెలలు గడిచిపోతాయి. పగలంతా పొలంలోనో ఆఫీసులోనో మామూలుగా తిరిగిన మనిషి, రాత్రి ఇంట్లో అందరూ పడుకున్నాక ఫోన్ వెలుతురు తగ్గించుకుని వెతుకుతాడు. తెర మీద మొదట కనిపించేవి అన్నిటికన్నా భయంకరమైన జబ్బుల పేర్లు. పొద్దున్నే లేచి మళ్ళీ ఏమీ ఎరగనట్టు పనికి వెళ్తాడు.

ఈ ఆలస్యానికి తప్పంతా రోగి మీద వేయడం మనకు అలవాటైపోయింది. సిగ్గుపడకండి, ధైర్యంగా చెప్పండి అని ఉపన్యాసాలు ఇస్తారు. ధైర్యం కూడదీసుకుని వెళ్ళినవాడికి ఎదురయ్యేది ఏమిటో ఆ ఉపన్యాసాల్లో ఉండదు. ఓపీ చీటీ రాసే కిటికీ దగ్గరే “ఏం బాధ?” అని గట్టిగా అడుగుతారు. వెనక వరుసలో పాతిక మంది ఉంటారు, వాళ్ళలో ఊరివాళ్ళూ చుట్టాలూ ఉంటారు. “కడుపునొప్పి” అని చెప్పి చీటీ తీసుకుంటాడు. లోపల డాక్టరు బల్ల చుట్టూ మరో ఆరుగురు రోగులు నిలబడి ఉంటారు, గది తలుపు తెరిచే ఉంటుంది. అక్కడ కూడా కడుపునొప్పి అనే చెబుతాడు. గ్యాస్ మాత్రలు రాసిస్తారు. అబద్ధం చెప్పాడని ఆ మనిషిని తప్పుపట్టడం అన్యాయం. నిజం చెప్పడానికి అక్కడ చోటే లేదు.

నిజం చెప్పగలిగితే తర్వాతి పని చిన్నది. ఎడమవైపు తిరిగి, మోకాళ్ళు పొట్టకు దగ్గరగా ముడుచుకుని పడుకోమంటారు. దుప్పటి కప్పి, అవసరమైనంత మేర మాత్రమే తొలగిస్తారు. ముందు కంటితో చూస్తారు. చాలాసార్లు ఫిషర్ అక్కడే బయటపడుతుంది. మలద్వారం అంచున చర్మం చిట్లిన సన్నటి చీలిక అది. అది కనిపించి నొప్పి మరీ ఎక్కువగా ఉంటే ఆ రోజుకు వేలితో పరీక్ష కూడా చేయరు. లేకపోతే గ్లవ్ వేసుకున్న వేలికి జెల్లీ రాసి లోపల తడిమి చూస్తారు, ఆ తర్వాత ప్రోక్టోస్కోప్ అనే పొట్టి గొట్టంతో చూస్తారు. మొత్తం కలిపి కొద్ది నిమిషాల పని, ఇబ్బందిగా ఉంటుంది కానీ భరించలేనంత కాదు. పెద్దపేగు చివరి భాగంలో వచ్చే క్యాన్సర్ గడ్డల్లో చాలావాటిని ఆ ఒక్క వేలే పట్టుకోగలదు. వైద్యకళాశాలల్లో ఈ పాఠం గట్టిగానే చెబుతారు. ఓపీల్లో మాత్రం తరచూ ఎగ్గొడతారు. రద్దీ ఒక కారణం, పక్కన నిలబడేందుకు నర్సు లేకపోవడం ఇంకో కారణం. డాక్టర్లకూ మొహమాటమే అన్నది ఎవరూ పైకి చెప్పని మూడో కారణం. రోగి చెప్పలేదు, డాక్టరు చూడలేదు. పేరు మాత్రం “పైల్స్” అని చీటీ మీద పడిపోతుంది. చూడకుండా రాసిన ఆ పేరు రోగి సిగ్గు కన్నా ప్రమాదకరం.

ఎందుకంటే మొలలు అని అందరూ అనేది ఒకే జబ్బు కాదు. మలద్వారం లోపల రక్తనాళాలతో నిండిన మెత్తలు అందరిలోనూ ఉంటాయి, పుట్టుకతోనే ఉంటాయి. గాలి, నీరు, మలం అదుపు తప్పి జారిపోకుండా పట్టి ఉంచడంలో వాటికీ పాత్ర ఉంది. 1975లో డబ్ల్యూ.హెచ్.ఎఫ్. థామ్సన్ అనే బ్రిటిష్ సర్జన్ ఈ సంగతిని స్పష్టంగా చూపించాక వైద్యుల ఆలోచన మారింది. గట్టి మలం, గంటసేపు ముక్కడం, గర్భం లాంటి కారణాలతో ఆ మెత్తలు ఉబ్బి కిందికి జారినప్పుడే అవి మొలలవుతాయి. లోపలి మొలలున్న చోట నొప్పి తెలిపే నరాలు ఉండవు. అందుకే నొప్పి లేకుండా ఎర్రటి తాజా నెత్తురు బొట్లుబొట్లుగా పడుతుంది. ఫిషర్ ఉండే అంచు దగ్గర నొప్పి నరాలు దట్టంగా ఉంటాయి కాబట్టి గాజుపెంకు కోసినట్టు ఉంటుంది, నెత్తురు మాత్రం ఒక గీత పాటే. విలవిల్లాడించే నొప్పి వస్తే క్యాన్సరేనని జనం భయపడతారు. నిజానికి మొదటి దశలో ఆ క్యాన్సర్ చాలామందికి నొప్పే తెలియనివ్వదు. మనిషి దేనికి ఎక్కువ భయపడుతున్నాడో అది తరచూ తక్కువ ప్రమాదం, దేన్ని “నొప్పి లేదు కదా” అని వదిలేస్తున్నాడో అది చూపించుకోవాల్సింది.

మలంతో కలిసిపోయి వచ్చే నెత్తురు, జిగురు, వారాల తరబడి మారిపోయిన విరేచనం తీరు, వెళ్ళొచ్చినా ఇంకా మిగిలే ఉందనిపించడం, కారణం లేకుండా బరువు తగ్గడం, రక్తహీనత, ఇంట్లో ఎవరికైనా పేగు క్యాన్సర్ వచ్చిన చరిత్ర, నలభై అయిదు దాటిన వయసు. వీటిలో ఏ ఒక్కటున్నా పెద్దపేగును గొట్టంతో చూసే కొలనోస్కోపీ గురించి డాక్టరుతో మాట్లాడాలి. మన దేశంలో పేగు క్యాన్సర్ పాశ్చాత్య దేశాల కన్నా చాలా తక్కువ. కానీ వచ్చినవారిలో నలభై ఏళ్ళ లోపువారు గణనీయంగా ఉంటున్నారని క్యాన్సర్ వైద్యులు ఏళ్ళుగా చెబుతున్నారు. కాబట్టి “కుర్రాడివి, నీకేంటి” అన్న మాట సరైన సమాధానం కాదు.

ఇక మన ఇళ్ళలో దీనికి ఉన్న ఏకైక వివరణ వేడి చేసిందని. ఆవకాయ తిన్నావు, కోడికూర తిన్నావు, ఎండలో తిరిగావు, వేడి చేసింది. మజ్జిగ తాగు, సగ్గుబియ్యం జావ తాగు, సబ్జా గింజలు నానబెట్టుకో. ఈ సలహాలతో హాని లేదు. నీళ్ళు, మజ్జిగ ఎక్కువ తాగితే మలం మెత్తబడి చాలామందికి మేలే చేస్తుంది. వేడి అన్న మాటలో ఒక దయ కూడా ఉంది: ఏ భాగం గురించి మాట్లాడుతున్నామో చెప్పకుండానే అత్తాకోడళ్ళు, తండ్రీకొడుకులు ఒకరి బాధ ఒకరికి చెప్పుకోవచ్చు. చిక్కల్లా ఆ మాట దగ్గరే ఆగిపోవడంలో ఉంది. మూడు వారాలు మజ్జిగ తాగినా నెత్తురు ఆగకపోతే తర్వాత ఏం చేయాలో ఇంట్లో ఎవరూ చెప్పరు.

అందరికన్నా ఎక్కువ నలిగేది ఆడవాళ్ళు. గర్భంలో ఎదిగే బిడ్డ బరువు వల్ల, హార్మోన్ల వల్ల మలబద్ధకం వస్తుంది, మొలలు ఉబ్బుతాయి. దీనికి తోడు ప్రభుత్వం ఇచ్చే ఎర్రటి ఐరన్ మాత్రలు. గర్భిణిగా 180 రోజులు, ప్రసవం తర్వాత మరో 180 రోజులు రోజుకొకటి వేసుకోవాలి. వేసుకోవాల్సిందే, ఎందుకంటే 2019-21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం 15-49 ఏళ్ళ ఆడవాళ్ళలో రక్తహీనత ఆంధ్రప్రదేశ్‌లో 58.8 శాతం, తెలంగాణలో 57.6 శాతం. అయితే ఐరన్ మాత్రలు కొందరిలో మలబద్ధకాన్ని ఇంకా పెంచుతాయి, మలాన్ని నల్లగా మారుస్తాయి. ఈ నలుపు హాని లేనిది. తారులా జిగటగా, దుర్వాసనతో వచ్చే నలుపు వేరు, అది కడుపులో ఎక్కడో నెత్తురు కారుతోందన్న సూచన, వెంటనే ఆసుపత్రికి వెళ్ళాల్సింది. ఈ తేడా మాత్రలు ఇచ్చేటప్పుడే చెబితే ఒక నిమిషం కూడా పట్టదు. చెప్పకపోతే ఏమవుతుంది? తొలిచూలు పిల్ల నల్లటి మలం చూసి హడలిపోతుంది, అత్తతో చెప్పుకోలేక, భర్తతో చెప్పుకోలేక మాత్రలు మానేస్తుంది. మొలల నుంచి నెలల తరబడి కొద్దికొద్దిగా పోయే నెత్తురు వల్ల రక్తహీనత ముదురుతుంది. “మాత్రలు వేసుకోవట్లేదా?” అని తర్వాతి నెల చీవాట్లు తింటుంది. ఆశా కార్యకర్తకూ ఆ పిల్లకూ మధ్య అన్ని విషయాలూ నడుస్తాయి, నెలసరి గురించి కూడా నడుస్తాయి. విరేచనం సాఫీగా అవుతోందా అన్న ప్రశ్న మాత్రం ఎవరూ వేయరు. ప్రసవమయ్యాక సంగతి ఇంకా కష్టం. కుట్లు, మొలలు, పాలిచ్చేందుకు కూర్చోలేని బాధ, చుట్టూ చూడవచ్చిన చుట్టాలు. బాలింత కూర్చోలేకపోతోందంటే కుట్ల నొప్పి అని సరిపెడతారు.

పొరపాటు భయాలు ఇంకా చాలా ఉన్నాయి. బీట్‌రూట్ కూర తిన్న మర్నాడు మలం, కొందరిలో మూత్రం కూడా ఎర్రగా వస్తుంది. దాన్ని నెత్తురనుకుని రాత్రంతా నిద్రపోనివారు ఉంటారు. యువకుల్లో వీర్యం పోతోందన్న దిగులు, ఆడపిల్లల్లో మామూలు తెల్లబట్ట గురించిన దిగులు కూడా ఈ కోవలోవే. ఇండియాలో మగవాళ్ళను పట్టిపీడించే ఆ దిగులుకు 1960లో మానసిక వైద్యుడు ఎన్.ఎన్. విగ్ ధాతు సిండ్రోమ్ అని పేరు పెట్టారు. శరీరంలో జరుగుతున్నది మామూలు సంగతే, బాధ మాత్రం నిజమైనది. తెలుగువాళ్ళకు ఇలాంటి ప్రశ్నలు అడగడం రాదనడం తప్పు. విజయవాడ డాక్టరు జి. సమరం, నాస్తికోద్యమ నాయకుడు గోరా కుమారుడు, దశాబ్దాల పాటు తెలుగు పత్రికల్లో పాఠకుల ప్రశ్నలకు జవాబులు రాశారు. ఊరు, పేరు బయటపడదన్న భరోసా ఉంటే మనవాళ్ళు ఎంత సూటిగా అడుగుతారో ఆ శీర్షికలు చదివిన తరానికి బాగా తెలుసు.

సిగ్గు మన ఒక్కరిదే కాదు, మన సంస్కృతిలో పాతుకుపోయిందని తేలిగ్గా తేల్చేయాల్సిందీ కాదు. లండన్‌లో 1835లో ఫ్రెడరిక్ సామన్ అనే సర్జన్ భగందరం (మలద్వారం పక్కన గొట్టంలా ఏర్పడే పుండు), ఇతర మలద్వార వ్యాధులున్న పేదల కోసం ప్రత్యేకంగా ఒక చిన్న ఆసుపత్రి తెరిచాడు. ఇతర ఆసుపత్రులు పట్టించుకోని రోగులకు ఒక చిరునామా దొరికింది. 1841లో నవలాకారుడు చార్లెస్ డికెన్స్‌కు భగందరం ఆపరేషన్ చేసింది ఆయనే. మత్తుమందు అప్పటికి రాలేదు. ఆ చిన్న వైద్యశాలే తర్వాత సెయింట్ మార్క్స్ ఆసుపత్రి అయింది. 1937లో మిల్లిగన్, మోర్గన్ అనే సర్జన్లు అక్కడే రూపుదిద్దిన మొలల ఆపరేషన్‌ను ఇప్పటికీ వాళ్ళ పేర్లతోనే పిలుస్తారు. అంతకు చాలా ముందు, 1686 నవంబరు 18న ఫ్రాన్స్ రాజు పద్నాలుగో లూయీకి చార్లెస్ ఫ్రాంస్వా ఫెలిక్స్ అనే సర్జన్ భగందరం కోశాడు. రాజు కోలుకున్నాడు, సంగతి దేశమంతా తెలిసిపోయింది. మాకూ ఆ ఆపరేషన్ చేయమని ఆస్థానంలోని కొందరు సర్జన్ల వెంటపడ్డారని చరిత్రకారులు రాశారు. రాజుకు వచ్చిందంటే దాచుకోవాల్సిన పని లేకుండా పోయింది.

మన దగ్గరా ఈ వైద్యానికి పాత గౌరవం ఉంది. సుశ్రుత సంహిత నయం చేయడం కష్టమైన ఎనిమిది మహావ్యాధులను లెక్కపెట్టినప్పుడు అర్శస్సును, అంటే మొలలను, భగందరాన్ని వాటిలో చేర్చింది. మందు పట్టించిన దారంతో భగందరాన్ని మెల్లగా కోసే క్షారసూత్ర పద్ధతిని 1960లలో బెనారస్ హిందూ విశ్వవిద్యాలయంలో ఆచార్య పి.జె. దేశ్‌పాండే మళ్ళీ వాడుకలోకి తెచ్చారు, భారత వైద్య పరిశోధనా మండలి దాన్ని ఆపరేషన్‌తో పోల్చి పరీక్షించింది. శిక్షణ పొందిన ఆయుర్వేద సర్జన్ చేసే ఆ పనికీ, తలుపు మీద కాగితం అంటించినవాడు చేసే పనికీ సంబంధం లేదు. ఆ కాగితం నమ్మి వెళ్ళినవారికి ఏ మందో తెలియని ఇంజెక్షన్ ఇస్తారు, లేదా చర్మాన్ని కాల్చే ముద్ద పూస్తారు. పుండు మానాక మలద్వారం ముడుచుకుపోయి, విరేచనమే కష్టమై పెద్దాసుపత్రికి చేరినవారి కథలు మన సర్జన్ల పత్రికల్లో వచ్చాయి. చట్టం చేతులు కట్టుకుని కూర్చోలేదు. 1945 నాటి డ్రగ్స్ నిబంధనల్లో షెడ్యూల్ జె అని ఒక జాబితా ఉంది. అందులోని జబ్బులను నివారిస్తామని, నయం చేస్తామని ఏ మందూ చెప్పుకోకూడదు. మొలలు, భగందరం ఆ జాబితాలో ఉన్నాయి. గోడల మీద రాతలకు మాత్రం ఆ సంగతి పట్టదు, అధికారులకూ పట్టదు.

బయటపెట్టి మాట్లాడితే ఏమవుతుందో అమెరికాలో ఒకసారి కొలిచి చూశారు. టీవీ యాంకర్ కేటీ కూరిక్ భర్త 1998లో, 42 ఏళ్ళకే పేగు క్యాన్సర్‌తో పోయాడు. 2000 మార్చిలో ఆమె తన కొలనోస్కోపీని దేశమంతా చూస్తుండగా టీవీలో చేయించుకుంది. ఆ తర్వాతి నెలల్లో అమెరికాలో కొలనోస్కోపీలు దాదాపు 20 శాతం పెరిగాయని 2003లో ఒక వైద్య పత్రికలో వచ్చిన పరిశోధన చెప్పింది. బ్రిటన్‌లో డెబొరా జేమ్స్ అనే పాత్రికేయురాలు 35 ఏళ్ళకు పేగు క్యాన్సర్ బయటపడ్డాక ఆ విషయమే పాడ్‌కాస్ట్‌లో, టీవీలో నవ్వుతూ మాట్లాడింది, 2022 జూన్‌లో 40 ఏళ్ళకు చనిపోయింది. ఆమె ప్రచారం ప్రేరణతో అక్కడి మార్క్స్ అండ్ స్పెన్సర్ దుకాణాలు టాయిలెట్ పేపర్ ప్యాకెట్ల మీద పేగు క్యాన్సర్ లక్షణాలను ముద్రించాయి. మనిషి ఒంటరిగా ఉండే ఆ చోటునే వాళ్ళు సరైన మాట చెప్పడానికి వాడుకున్నారు. మన బస్టాండు తలుపుల మీద కూడా ఆరోగ్యశాఖ కాగితం ఒకటి ఉండొచ్చు. ఏది మామూలు, ఏది కాదు, ఎక్కడికి వెళ్ళాలి. దానికి పెద్ద బడ్జెట్ అక్కర్లేదు. ఆ గోడలు ఆర్టీసీవి, అంటే ప్రభుత్వానివే.

సిగ్గును గౌరవిస్తూనే పని జరిపించే దారులు కూడా ఉన్నాయి. జపాన్ 1992 నుంచి 40 ఏళ్ళు దాటినవారికి మలంలో కంటికి కనబడని నెత్తురును పట్టే పరీక్ష చేస్తోంది. ఇంగ్లండ్‌లో ఆ కిట్ పోస్టులో ఇంటికే వస్తుంది. స్నానాలగదిలో ఎవరూ చూడకుండా చిన్న నమూనా తీసి తిరిగి పోస్టు చేస్తే చాలు. మన దేశంలో 30 ఏళ్ళు దాటినవారికి జరిపే పరీక్షల్లో నోటి, రొమ్ము, గర్భాశయ ముఖద్వార క్యాన్సర్లున్నాయి, పేగు క్యాన్సర్ లేదు. జబ్బు తక్కువగా ఉన్నచోట అందరికీ ఈ పరీక్ష చేయాలనడం సరి కాదు. కానీ ఇంట్లో ఒకరికి వచ్చిన కుటుంబాలకైనా ఇలాంటి కిట్ ప్రభుత్వాసుపత్రిలో దొరికితే ఎంతో మేలు.

భయం వైపు కూడా చూడాలి, ఎందుకంటే కొందరికి మొలలు తగ్గినా భయం తగ్గదు. పరీక్షలన్నీ బాగున్నాయన్నా నమ్మరు, ఇంకో డాక్టరు, ఇంకో స్కాన్. ఇంట్లోవాళ్ళకు విసుగు పుట్టి “అంతా నీ భ్రమ” అంటారు. ఆ మాట మనిషిని ఇంకా ఒంటరిని చేస్తుంది. ఆరోగ్యం గురించిన తీవ్రమైన ఆందోళన కూడా ఒక జబ్బే. స్వీడన్‌లో ఈ నిర్ధారణ పొందిన నాలుగు వేల మందికి పైగా మనుషుల వివరాలను మిగతా జనంతో పోల్చి 2023 డిసెంబరులో ఒక పరిశోధన వచ్చింది. ఆ ఆందోళన ఉన్నవారు సగటున త్వరగా చనిపోతున్నారని, ఆత్మహత్య ముప్పు వారిలో దాదాపు నాలుగు రెట్లని తేలింది. జబ్బు లేదని తేలినవాళ్ళని “ఏం లేదు పో” అని పంపేయడం ఎంత ప్రమాదమో చెప్పడానికి ఈ ఒక్క సంగతి చాలు. అయితే దీనికి చికిత్స ఉంది. బ్రిటన్ ఆసుపత్రుల్లో ఇలాంటి ఆందోళన ఉన్న 444 మందిపై జరిగిన పరిశోధన ఫలితాలు 2014లో లాన్సెట్‌లో వచ్చాయి. ఆలోచనలను, అలవాట్లను మార్చే కొద్దిపాటి కౌన్సెలింగ్‌తో వాళ్ళలో ఆందోళన బాగా తగ్గింది, తగ్గిన తీరు చాలాకాలం నిలిచింది. ఆ కౌన్సెలింగ్ ఇచ్చినవారిలో శిక్షణ పొందిన నర్సులు మంచి ఫలితాలు సాధించారు. మానసిక వైద్యులు కొరవడిన మన జిల్లాలకు ఇంతకన్నా పనికొచ్చే కబురు లేదు. ప్రస్తుతానికి 14416 నంబరుకు ఫోన్ చేస్తే ప్రభుత్వ మానసిక ఆరోగ్య సేవ టెలి మానస్‌లో తెలుగులో ఉచితంగా మాట్లాడొచ్చు. పేరు చెప్పాల్సిన ఒత్తిడి కూడా ఉండదు.

తిండి సంగతి క్లుప్తంగా చెప్పుకోవాలి. పీచు తక్కువ తినే సమాజాల్లో మొలలు, మలబద్ధకం ఎక్కువని ఉగాండాలో పనిచేసిన సర్జన్ డెనిస్ బర్కిట్ 1970లలో వాదించాడు. ఆయన వాదనలో అన్నీ నిలవకపోయినా, పీచు మొలల నెత్తురును తగ్గిస్తుందన్నది నిలిచింది. హైదరాబాద్ తార్నాకలోని జాతీయ పోషకాహార సంస్థ 2017లో ప్రచురించిన పట్టికల ప్రకారం వంద గ్రాముల తెల్ల బియ్యంలో పీచు మూడు గ్రాముల లోపు, జొన్నల్లో పది గ్రాముల పైన, సజ్జల్లో, రాగుల్లో పదకొండు. మూడు పూటలా పాలిష్ బియ్యం తినే ఇంట్లో ఒక పూట జొన్నరొట్టెకో రాగిసంకటికో చోటిస్తే మందులషాపుకు పోయే ఖర్చు కొంత తగ్గుతుంది. దొడ్లో ఫోన్ పట్టుకుని కూర్చోవడం ఇంకో కొత్త అలవాటు. బోస్టన్‌లో 125 మందిని పరిశీలించి 2025లో ప్రచురించిన పరిశోధనలో, అలా ఫోన్ చూసేవారిలో మొలల ముప్పు 46 శాతం ఎక్కువని కనిపించింది. కారణం ఫోనేనని దానితో రుజువు కాదు, కానీ ఎక్కువసేపు కూర్చోవడం మంచిది కాదని సర్జన్లు ఎప్పటినుంచో చెబుతున్నదే.

చూపించుకున్నవారిలో చాలామందికి ఆపరేషన్ మాటే రాదు. కొత్తగా వచ్చిన ఫిషర్లలో ఎక్కువభాగం పీచు, నీళ్ళు, పూతమందు, రోజుకు రెండుమూడుసార్లు గోరువెచ్చని నీళ్ళ టబ్బులో కూర్చోవడంతో కొన్ని వారాల్లో మానతాయి. మొదటి దశల మొలలు తిండితో, మందులతో తగ్గుతాయి. తగ్గకపోతే మొల మొదట్లో చిన్న రబ్బరు బ్యాండు వేసి ఎండిపోయేలా చేస్తారు. ఓపీలోనే అయిపోతుంది, ఆ రోజే ఇంటికి వెళ్ళొచ్చు. ఆపరేషన్ అవసరమయ్యేది తక్కువమందికి. ఈ సంగతి తెలియకే “కోస్తారేమో” అన్న భయంతో జనం ఆసుపత్రి గడప తొక్కరు.

కాబట్టి అడగాల్సిన పనులు చిన్నవి. ఓపీ చీటీ కిటికీ దగ్గర బాధ పేరు అడగడం మానేయాలి, విభాగం పేరు చాలు. ప్రతి ప్రాథమిక ఆరోగ్య కేంద్రంలో ఒక మంచానికి తెర, తలుపుకు గడియ, పక్కన నిలబడేందుకు ఒక ఆడమనిషి ఉండాలి. వారంలో ఒక రోజైనా మహిళా డాక్టరు ఈ బాధలు చూస్తారని ఊళ్ళో తెలియాలి. ఐరన్ మాత్రలు ఇచ్చే ఏఎన్ఎం ప్రతిసారీ ముందుగా తానే అడగాలి: విరేచనం సాఫీగా అవుతోందా, నెత్తురేమైనా పడుతోందా? ముందు అడిగితే చెబుతారు. ఎవరైనా అడగాలని ఎదురుచూస్తున్నవాళ్ళే వాళ్ళలో ఎక్కువమంది.

పరీక్ష అయ్యాక రోగి బట్టలు సర్దుకుని కూర్చున్నప్పుడు డాక్టరు మూడు మాటలు చెప్పి తీరాలి. కనబడింది ఏమిటి, అది ఎందుకు ప్రమాదం కాదు, ఎలాంటి మార్పు వస్తే మళ్ళీ రావాలి. “ఏం లేదు” అన్న మాట వినివచ్చినవాడు ఆ రాత్రి మళ్ళీ ఫోన్ తీస్తాడు. “లోపల చిన్న మొల ఉంది, రెండో దశ, నెత్తురు దాన్నుంచే వస్తోంది, ఆరు వారాలు ఇలా చేయి, అప్పటికీ పడితే లేదా నల్లగా వస్తే రా” అని విన్నవాడికి ఆరు వారాల వరకూ తెలిసిన దారి ఒకటుంటుంది. ఆ మూడు మాటలూ చీటీ వెనక తెలుగులో రాసివ్వడానికి ఏ జీవో రావాల్సిన పని లేదు. రేపటి ఓపీ నుంచే మొదలుపెట్టొచ్చు.